మీ ప్రశ్నలు: గుర్రాలెక్కిన టీవీ నటులు

"గన్‌స్మోక్"ల మార్షల్‌గా ఉన్నాయన ఇరవై ఏండ్లు ఒక్కటే వేషం ఏసిండంటరు. నిజమేనా? తర్వాత వేరే పని దొరికిందా?
— మిర్యాలగూడ పాఠకుడు

నిజమే. "గన్‌స్మోక్" అమెరికా టీవీలో వచ్చిన కౌబాయ్ సీరియల్. అందులో మార్షల్ (ఊరి పోలీసు అధికారి) మాట్ డిలన్‌గా జేమ్స్ ఆర్నెస్ 1955 నుంచి 1975 దాకా ఉన్నాడు, 635 ఎపిసోడ్లు. ఆయన ఎత్తు ఆరడుగుల ఏడంగుళాలు. పక్కన నిలబడితే హీరో పొట్టిగా కనిపిస్తాడు కాబట్టి సినిమాల్లో అది అడ్డంకే. టీవీ మార్షల్‌కు అదే ఎత్తు పెట్టుబడి అయింది. 1944లో ఇటలీలోని ఆంజియో యుద్ధంలో కాలికి తగిలిన గాయం మాత్రం జీవితాంతం బాధపెట్టింది. సీరియల్ 1967లో ఆగిపోవాల్సిందే. దాన్ని ప్రసారం చేసే సీబీఎస్ టీవీ సంస్థ అధినేత విలియం పేలీ పట్టుబట్టి సోమవారానికి మార్పించాడు, రేటింగ్ లేచింది. అది ముగిశాక 1976–79లో మరో కౌబాయ్ సీరియల్, 1981లో ఒక పోలీసు సీరియల్ చేశాడు. 1987 నుంచి మళ్ళీ డిలన్‌గానే ఐదు టీవీ సినిమాలు. జనం ఆయన్ని ఆ టోపీలోనే చూడాలనుకున్నారు మరి.

నేను సీరియల్స్ల చిన్న వేషాలేస్తున్న. ఒక్క సీరియల్‌కే కట్టుబడితే సినిమా చాన్సులు పోతయంటున్నరు. ఏం జెయ్యాలె?
— జడ్చర్ల పాఠకుడు

పేరు కంటే ముందు అగ్రిమెంటు చూసుకోండి. ఆ కౌబాయ్ నటుల్లో ఎవరు బయటపడ్డారు, ఎవరు చిక్కుకున్నారు అన్నది అక్కడే తేలింది. "షయాన్" హీరో క్లింట్ వాకర్ బయట ఫంక్షన్లకు వెళ్తే వచ్చే డబ్బులో సగం వార్నర్ స్టూడియోకే కట్టాలి. 1958లో పని మానేశాడు, స్టూడియో ఇంకో నటుణ్ణి తెచ్చి సీరియల్ నడిపించింది. 1959లో కొంత మెరుగైన షరతులతో తిరిగొచ్చాడు గానీ అగ్రిమెంటు మాత్రం వదల్లేదు. "మావెరిక్" హీరో జేమ్స్ గార్నర్‌ను 1960లో రచయితల సమ్మె పేరు చెప్పి అదే స్టూడియో జీతం లేకుండా పక్కనపెట్టింది. ఆయన కోర్టుకెక్కి గెలిచి, స్వేచ్ఛగా సినిమాల్లోకి వెళ్ళాడు. "రాహైడ్"లో రెండో హీరో క్లింట్ ఈస్ట్‌వుడ్ అయితే 1964లో షూటింగ్ విరామంలో స్పెయిన్‌కు పోయి, 15,000 డాలర్లకు ఒక ఇటాలియన్ దర్శకుడి సినిమా చేశాడు. సీరియల్ వదలకుండానే తలుపు తెరుచుకున్నాడు.

కాబట్టి నెలకు ఎన్ని డేట్లు వాళ్ళవి, మిగతా రోజుల్లో బయట చేయొచ్చా, షూటింగ్ వాళ్ళే ఆపితే పేమెంటు సంగతేంటి, షాపు ఓపెనింగుల డబ్బు ఎవరిది, ఈ నాలుగూ కాగితం మీద రాయించుకోండి. మాట మీద నమ్మకం వద్దు. సీరియల్‌ను టీవీలో మళ్ళీ ప్రసారం చేసినప్పుడు వచ్చే డబ్బు కూడా అడగండి. అమెరికాలో 1974కు ముందు అది కొన్ని ప్రసారాలతోనే ఆగిపోయేది, అందుకే పాతతరం నటులు ఏళ్ళ తరబడి టీవీలో కనిపించినా చేతికి పైసా రాలేదు.

"రైఫిల్‌మన్"ల తుపాకి ట్రిగ్గర్ నొక్కకుండనే ఎట్ల పేలుతది?
— వనపర్తి పాఠకురాలు

ఆ అమెరికన్ కౌబాయ్ సీరియల్లో హీరో చక్ కానర్స్ పట్టుకున్నది వించెస్టర్ కంపెనీ 1892 మోడల్ రైఫిల్. తూటా ఎక్కించడానికి కిందికి లాగే పిడిని (లీవర్) పెద్ద వలయంగా మార్చి, లోపల ఒక స్క్రూ పెట్టారు. లీవర్ కిందికి లాగి మళ్ళీ మూయగానే స్క్రూ మొన ట్రిగ్గర్‌ను నొక్కేస్తుంది. స్క్రూ వెనక్కి తిప్పితే మామూలు తుపాకీ. ఇబ్బందేమంటే, మూసిన క్షణమే పేలుతుంది కాబట్టి గురి చూసే వీలుండదు. కథ 1880లలోది, తుపాకీ 1892లోది. కానర్స్ చేతివాటం చూస్తూ ఎవరూ లెక్కవేయలేదు. ఇంకో తమాషా: స్టీవ్ మెక్‌క్వీన్ సీరియల్లో కురచ తుపాకీదీ అదే మోడల్. నడుం బెల్టులో కనిపించే తూటాలు మాత్రం అందులో పట్టవు. పెద్దవి కెమెరాకు బాగుంటాయని పెట్టారు. షూటింగులో వాడేవి బ్లాంక్ తూటాలు, అంటే గుండు లేకుండా మందు మాత్రమే ఉన్నవి. ఒకే రకం బ్లాంక్ రెండు క్యాలిబర్ల (గొట్టం సైజుల) రైఫిళ్ళకూ మూడు క్యాలిబర్ల రివాల్వర్లకూ సరిపోయేది. గుండు లేదు గదా అని ముఖం దగ్గర పెట్టకూడదు, మంట, తూటా మూత ముక్క కలిసి కన్ను పోగొట్టగలవు.