ప్రశ్నలు – జవాబులు: శిలీంధ్రపు మందులో ఉన్నది ప్రాణమా, విషమా?

ప్రశ్న: మా నాన్నగారు టమాటాలో కాయతొలుచు పురుగుకు బవేరియా పొడి తెచ్చారు. ఎలాగూ పంపు ఎత్తుతున్నాం కదా అని అదే డ్రమ్ములో మచ్చ తెగులుకు మాంకోజెబ్ కూడా కలిపి కొట్టారు. పది రోజులైనా పురుగు చావలేదు. మందు అమ్మినవారు మొదటిదాన్ని ‘శిలీంధ్రపు మందు’ అనీ, రెండోదాన్ని ‘శిలీంధ్రాల మందు’ అనీ చెప్పారట. నేను చదువుతున్న వ్యవసాయ డిగ్రీ పుస్తకంలో శిలీంధ్రనాశిని, శిలీంధ్ర కీటకనాశిని, శిలీంధ్రవిషం అని మూడు మాటలున్నాయి. వీటి మధ్య తేడా ఏమిటి? అసలు పురుగును చంపేది శిలీంధ్రమా, అది తయారుచేసే విషమా?
– ఒక పాఠకురాలు, హిందూపురం

జవాబు: ముందు డ్రమ్ము సంగతి చెబుతాను. బవేరియా పొడిలో ఉన్నవి బవేరియా బాసియానా అనే శిలీంధ్రపు సిద్ధబీజాలు, అంటే దానికి విత్తనాల వంటివి. అవి ప్రాణంతో ఉంటేనే పని జరుగుతుంది. మాంకోజెబ్ శిలీంధ్రాలను చంపడానికి తయారైన రసాయనం. మచ్చ తెగులు తెచ్చే శిలీంధ్రం వేరు, పురుగును పట్టే శిలీంధ్రం వేరు అన్న తేడా దానికి లేదు. పొడి పాతదై ఉండవచ్చు, ఎండలో నిలవ ఉండి ఉండవచ్చు. అయినా మొదట అనుమానించవలసింది ఈ కలయికనే. ఇకముందు రెండింటి మధ్య కొన్ని రోజులు ఎడం ఉంచమనండి, బవేరియాను సాయంత్రం పూట చల్లదనంలో కొట్టమనండి.

ఈ పొరపాటులో మీ నాన్నగారి తప్పు కన్నా మాటల తప్పే ఎక్కువ అని నా అభిప్రాయం. తెలుగులో రెండు నామవాచకాలు కలిసి సమాసమైనప్పుడు మధ్యనున్న విభక్తి లోపిస్తుంది, లోపించినది ఏ విభక్తో వినేవారే గ్రహించాలి. దొంగభయం అంటే దొంగ వలన భయమని బడిలో చదువుకున్నాం, దొంగకు కలిగే భయమని ఎవరూ అనుకోరు. పురుగుమందు పురుగును చంపేది, చెట్టుమందు చెట్టు నుంచి వచ్చేది. రెండు మాటల కట్టూ ఒకటే, అర్థాలు ఎదురెదురు దిక్కులవి. వీటిని తరతరాలుగా వాడుతున్నాం కనుక తడబాటు రాదు. శిలీంధ్రం అన్న మాట పొలానికి కొత్తది కాబట్టి, ‘శిలీంధ్రపు మందు’ అనగానే అది శిలీంధ్రాన్ని చంపేదో, శిలీంధ్రంతో చేసినదో రైతుకు తెలిసే దారి లేదు. శిలీంధ్రనాశిని శిలీంధ్రాన్ని నశింపజేసేది. శిలీంధ్ర కీటకనాశిని శిలీంధ్రమే కీటకాన్ని నశింపజేసేది. శిలీంధ్రవిషం శిలీంధ్రంలో పుట్టిన విషం, పాము విషం అన్నట్లే. చట్టం కూడా ఇక్కడ సాయపడదు: 1968 నాటి కేంద్ర కీటకనాశినుల చట్టం నిర్వచనం ప్రకారం తెగుళ్ల మందులూ కలుపు మందులూ సైతం కీటకనాశినుల లెక్కలోకే వస్తాయి.

ఇక చంపేదెవరన్న ప్రశ్నకు వస్తాను. తడి దూది వేసిన గాజుసీసాలో బవేరియా సోకిన లద్దెపురుగును ఉంచి నేను చూశాను. మొదటి రెండు రోజులు అది ఆకు తింటూనే ఉంది. తరువాత తిండి మానేసింది, తాకితే ముడుచుకోవడం తగ్గింది, ఐదో రోజుకు కదలిక ఆగింది. శరీరం కుళ్లి కారిపోలేదు. గట్టిపడి, లేత ఎరుపు తిరిగింది. ఆ మరునాడు కణుపుల సందుల్లోంచి తెల్లటి నూగు పైకి వచ్చి, ఇంకొక రోజుకు పురుగంతా సున్నం పిండిలో దొర్లించినట్లయింది. ఆ తెలుపంతా కొత్త సిద్ధబీజాలే. లేత ఎరుపుకు ఊస్పోరీన్ అనే రంగుపదార్థం కారణం. చచ్చిన పురుగు బాక్టీరియా పాలబడి కుళ్లిపోకుండా శిలీంధ్రం తన కోసం దాన్ని స్రవిస్తుంది.

ఈ ఐదారు రోజులలో లోపల జరిగేది ఒక్క పని కాదు. సిద్ధబీజం పురుగు చర్మానికి అంటుకుని మొలకెత్తుతుంది, ఎంజైములతో చర్మంలోని మాంసకృత్తులనూ, దానికి గట్టిదనమిచ్చే కైటిన్‌నూ కరిగించుకుంటూ లోపలికి దారి చేసుకుంటుంది, రక్తంలాంటి ద్రవంలో చేరి పోషకాలను తింటూ పెరుగుతుంది. పెరుగుతూ బవేరిసిన్, బాసియనోలైడ్ వంటి విషాలను తయారు చేస్తుంది. వీటిలో బవేరిసిన్ కణాల పొరలో ఇమిడిపోయి, పొటాషియం వంటి లవణ అయాన్లు అదుపు లేకుండా అటూ ఇటూ దాటిపోయేలా చేస్తుంది. బవేరిసిన్ తయారీకి అవసరమైన జన్యువును తీసివేసి పరీక్షించినప్పుడు శిలీంధ్రం పురుగును చంపగలిగింది గానీ, దాని తీవ్రత తగ్గింది. అంటే విషం ఆయుధాలలో ఒకటి, చంపేది మాత్రం బతికున్న శిలీంధ్రం. అందుకే బవేరియాను విషమనడం కన్నా పురుగుకు రోగమనడం సరైనది. పామును చూసి విషమనం కదా. అదే తీరున శిలీంధ్రాన్ని ‘కీటకరోగకారక శిలీంధ్రం’ అనీ, అందులోంచి విడదీసిన పదార్థాన్ని ‘శిలీంధ్రజన్య కీటకవిషం’ అనీ రెండు వేర్వేరు పేర్లతో పిలవాలని నేను కోరుకుంటాను. మాటలు పొడుగైనా విభక్తి దాగి ఉండదు.

ప్యాకెట్టు మీద కూడా ఈ తేడా కనిపిస్తుంది. మన దేశంలో అమ్మే బవేరియా పొడి రకాలలో 1.15 శాతం అన్న అంకె పక్కన, గ్రాముకు ఇన్ని సీఎఫ్‌యూలు అని 10 కోట్ల లెక్క ఉంటుంది. సీఎఫ్‌యూ అంటే మొలకెత్తి ఒక గుంపుగా పెరగగల ప్రాణి. విషానికైతే తూకం చాలు, ఇక్కడ ప్రాణుల లెక్క కావాలి. గడువు తేదీ దాటిన పొడిలో తూకం మారదు, ఆ లెక్క మాత్రం పడిపోతుంది.

మీది హిందూపురం కనుక మరొక హెచ్చరిక తప్పనిసరి. పట్టు రైతులు సున్నపుకట్టు రోగమనేది ఈ శిలీంధ్రం తెచ్చేదే. ఇటలీ రైతులు కూడా తమ భాషలో సున్నం పేరుతోనే దాన్ని కాల్చీనో అన్నారు. లోడి ప్రాంతానికి చెందిన అగొస్తీనో బస్సీ ఏళ్ల తరబడి పరిశోధించి, అది ఒక సూక్ష్మజీవి వల్ల ఒక పురుగు నుంచి మరొకదానికి అంటుకునే రోగమని 1835లో ప్రకటించారు. జంతువులలో రోగానికి సూక్ష్మజీవి కారణమని రుజువైన తొలి సందర్భాలలో అది ముఖ్యమైనది, పాశ్చర్ పట్టుపురుగుల పరిశోధనకు ముప్పై ఏళ్ల ముందుది. బాసియానా అన్న పేరు ఆయనదే. టమాటాకు మేలు చేసినదే పట్టుపురుగుకు చావు తెస్తుంది కాబట్టి, మల్బరీ తోటకూ పురుగుల షెడ్డుకూ దగ్గరలో బవేరియాను కొట్టనే కొట్టవద్దు, కొట్టిన బట్టలతో షెడ్డులోకి వెళ్లవద్దు.

ప్రశ్న: నేను తెలుగు ఉపాధ్యాయుడిగా పనిచేసి విరమించాను. మనవరాలి పుస్తకంలో డిస్ట్రక్సిన్ అనే శిలీంధ్రవిషం పేరు చూసి, పురుగును నాశనం చేస్తుంది కనుక ఆ పేరు వచ్చిందని చెప్పాను. నేను చెప్పింది సరేనా? ఇటువంటి పేర్లను మనం ‘నాశకి’ వంటి మాటలతో తెలుగు చేసుకోవద్దా?
– ఒక పాఠకుడు, తెనాలి

జవాబు: మాస్టారూ, మీ ఊహ సహజమైనదే. కానీ పేరు వచ్చిన దారి ఒక మెలిక తిరిగింది. 1879లో ఒడెస్సా ప్రాంతంలో గోధుమను పాడుచేస్తున్న అనిసోప్లియా అనే పెంకుపురుగును ఆకుపచ్చని బూజు చంపుతున్నట్లు జీవశాస్త్రవేత్త ఈల్యా మెచ్నికోవ్ గమనించి, ఆ పురుగు పేరుతోనే శిలీంధ్రానికి అనిసోప్లియే అన్న జాతి పేరు పెట్టారు. ఈనాటి మెటారైజియం అదే. దానికి ఒకప్పుడు వాడుకలో ఉన్న మరొక పేరు ఊస్పోరా డిస్ట్రక్టర్. 1961లో జపాన్‌లో కొదైరా ఆ పేరున్న శిలీంధ్రం నుంచి విషాన్ని వేరుచేసి, జాతి పేరు చివర రసాయనాలకు పెట్టే ‘ఇన్’ చేర్చి డిస్ట్రక్సిన్ అన్నారు. నాశకుడన్న బిరుదు మొదట శిలీంధ్రానిది, విషానికి అది వారసత్వంగా వచ్చింది. తరువాత శాస్త్రజ్ఞులు ఊస్పోరా డిస్ట్రక్టర్ పేరును వదిలివేశారు, విషం పేరులో మాత్రం అది నిలిచిపోయింది.

ఆ విషం పని చూస్తే పేరు తగినదే అనిపిస్తుంది. దాన్ని గొంగళిపురుగు ఒంట్లోకి సూదితో ఎక్కిస్తే కండరాలన్నీ ఒక్కసారిగా బిగుసుకుపోతాయి, కాసేపటికి సడలి పురుగు చచ్చుబడుతుంది. కండరకణాలలోకి కాల్షియం వరదలా చొరబడడం దీనికి కారణం.

అయినా ‘నాశకి’ అని మార్చుకోవద్దనే చెబుతాను. ఈ పేర్లు గుణాన్ని చెప్పవు, పుట్టుకను చెబుతాయి. తెలుగులో గుణవాచకం చేస్తే ఆ పుట్టుక చెరిగిపోతుంది. నాకు ఎంతో ఇష్టమైన ఉదాహరణ ఓకరమిన్. సోయాపాలు తీయగా మిగిలే పిప్పిని జపాన్‌లో ఓకర అంటారు. ఆ పిప్పి మీద పెంచిన ఒక పెనిసిలియం శిలీంధ్రంలో పట్టుపురుగును చంపే పదార్థం దొరికితే, దానికి ఆ వంటింటి మాటతోనే పేరు పెట్టారు. మన తవుడు మీదో కొబ్బరి పిప్పి మీదో పెరిగిన శిలీంధ్రంలో అటువంటిది దొరికిన నాడు, ఆ పేరులో మన మాట ఉండడమే నిజమైన తెలుగు చేయడమని నేననుకుంటాను.

పేరు మోసం చేసే సందర్భాలూ ఉన్నాయి. ఎర్రటి గొడుగు మీద తెల్లని పొక్కులుండే పుట్టగొడుగును ఐరోపాలో పాలలో వేసి ఈగలకు పెట్టేవారు, అందుకే 1753లో జీవులకు శాస్త్రీయ నామాలు పెట్టిన లిన్నేయస్ దానికి ఈగ అన్న అర్థం వచ్చే లాటిన్ మాటతో మస్కారియస్ అని పేరు పెట్టారు. అందులో దొరికిన మస్కరిన్‌కూ ఈగ పేరే వచ్చింది. ఈగను మత్తులో పడేసేది మాత్రం ముఖ్యంగా ఐబోటెనిక్ ఆమ్లం. బవేరిసిన్ కూడా అంతే. బవేరియా పేరు మోస్తున్నా, ధాన్యం మీద పెరిగే ఫ్యుసేరియం శిలీంధ్రాలలోనూ అది తయారవుతుంది.

ప్రశ్న: మిరపలో పురుగులకు వాడే స్పైనోశాడ్, అబామెక్టిన్ మందులు కూడా శిలీంధ్రాల నుంచి తీసినవేనని విన్నాను. నిజమేనా? వాటిని తెగుళ్ల మందులతో కలపకూడదా?
– ఒక పాఠకుడు, గుంటూరు జిల్లా

జవాబు: అవి శిలీంధ్రాలవి కావు, బాక్టీరియావి. అబామెక్టిన్‌ను ఇచ్చే జీవి స్ట్రెప్టోమైసిస్ కుటుంబానిది. గ్రీకులో ‘మైకిస్’ అంటే శిలీంధ్రం. దారాల్లా పెరగడం చూసి పూర్వం వీటిని శిలీంధ్రాలనుకుని అలా పిలిచారు, కణంలో కేంద్రకం లేదని తేలి బాక్టీరియాలో చేర్చిన తరువాత కూడా పేరు మారలేదు. స్పైనోశాడ్ స్పైనోసా అనే ముళ్ల బీజాల బాక్టీరియా నుంచి వచ్చింది, ఇంగ్లీషు పేరులోని చివరి రెండక్షరాలు అందులోని ‘ఎ’, ‘డి’ రకాలను చెబుతాయి. శిలీంధ్రం నుంచి వచ్చినది కావాలంటే పేనుబంకకు వాడే అఫిడోపైరోపెన్ ఉంది. అది శిలీంధ్రపు పైరిపైరోపీన్‌ను కొంత మార్చి చేసినది, పేరులోని ‘అఫిడ్’ పేనుబంకే.

ఈ మూడూ వేరుచేసిన పదార్థాలు, వాటిలో ప్రాణం లేదు. కనుక శిలీంధ్రనాశిని వాటిని చంపుతుందన్న భయం అక్కర లేదు. కలపవచ్చునా అన్నది రసాయనాల పొత్తును బట్టి ఉంటుంది, అది లేబుల్ మీద చూసి గానీ మీ మండల వ్యవసాయాధికారిని అడిగి గానీ నిర్ణయించుకోండి. ప్యాకెట్టు మీద సీఎఫ్‌యూ అన్న మాట కనిపిస్తే మాత్రం ఆ డ్రమ్ములో తెగుళ్ల మందు పోయవద్దు.