స్కార్లెటా, వయొలెటా, రెండూనా? ముందు ఇంట్లో స్విచ్‌లు ఎన్నున్నాయో చూడండి

ప్రశ్న: మేం టెక్సస్‌లోని ఫ్రిస్కోలో ఉంటాం. బాబుకి 11 ఏళ్లు, పాపకి 8. ఇద్దరి పుట్టినరోజులూ ఒకే నెలలో వస్తాయి. ఈసారి గిఫ్ట్‌గా పోకెమాన్ గేమ్ కావాలంటున్నారు. అది స్కార్లెట్, వయొలెట్ అని రెండు వెర్షన్లుగా ఉంది. బాబు వయొలెట్ కావాలంటాడు, అందులో కత్తులున్న సెరులెడ్జ్ అనే పోకెమాన్ (ఆటలో పట్టి పెంచుకునే జీవి) ఉంటుందట. పాప స్కార్లెటే కావాలని పట్టు. ఇంట్లో ఉన్న గేమ్ మెషీన్ ఒకటే, నింటెండో స్విచ్. రెండు గేమ్‌లూ కలిపిన డబుల్ ప్యాక్ ఒకటి ఆన్‌లైన్‌లో కనిపించింది. డీఎల్‌సీలతో (విడిగా కొని డౌన్‌లోడ్ చేసుకునే అదనపు కథలతో) సహా అన్నిటికీ 200 డాలర్లు పక్కన పెట్టాను. మావారేమో "ఒకే ఆటకి రెండు పేర్లు పెట్టి అమ్ముతున్నారు, ఆ డబ్బు 529లో (పిల్లల చదువు కోసం దాచే ఖాతాలో) వేద్దాం" అంటున్నారు. ప్లేనోలో ఉండే మా అక్కవాళ్లబ్బాయి దగ్గర ఇప్పటికే వయొలెట్ ఉంది. పిల్లలు వారం వారం కలుస్తారు. ఏం చేయమంటారు?

జవాబు: నమస్తే అండీ. ఒక్కటే కొనండి, అది స్కార్లెట్. డబుల్ ప్యాక్ వద్దు. ఎందుకో చెప్తాను, ఎందుకంటే పిల్లలిద్దరికీ ఈ విషయం సర్దిచెప్పాల్సింది మీరే. "డబ్బు దండగ" అంటే వాళ్లు ఒప్పుకోరు, ఆట లోపలి సంగతి చెబితే వింటారు.

మీవారి మాటలో నిజం చాలానే ఉందండి. రెండిట్లోనూ కథ ఒకటే, తిరిగే పాల్డియా ప్రాంతం ఒకటే, పోటీపడి గెలవాల్సిన ఎనిమిది జిమ్‌లూ అవే. మొదట్లో ఎంచుకోమని ఇచ్చే మూడు పోకెమాన్లూ అవే. తేడాలు కొన్నే. స్కార్లెట్‌లో సాదా అనే ప్రొఫెసర్, వయొలెట్‌లో ట్యూరో. ఎక్కి తిరగడానికి స్కార్లెట్‌లో కొరైడాన్ దొరుకుతుంది, వయొలెట్‌లో మిరైడాన్. స్కూలు పేరు, యూనిఫాం రంగు మారతాయి. పాల్డియా జాబితాలో ఉన్న 400 పోకెమాన్లలో కొన్ని ఒకదాంట్లోనే దొరుకుతాయి: లార్విటార్ స్కార్లెట్‌లో, బేగాన్, డ్రీపీ వయొలెట్‌లో. అంతే. ఒకటి పూర్తిచేసినవాళ్లకి రెండోది కొత్త ఆట కాదు.

అలాగని ఇదంతా మోసం అని కొట్టిపారేయకండి. 1996 ఫిబ్రవరి 27న జపాన్‌లో గేమ్‌బాయ్ అనే చేతి గేమ్ మెషీన్ మీద పోకెమాన్ రెడ్, గ్రీన్ వచ్చినప్పటి నుంచీ ఇది జంటగానే వస్తోంది. దాన్ని తయారుచేసిన సతోషి తజిరి చిన్నప్పుడు టోక్యో శివారు మచిదాలో పురుగులు పట్టి పోగేసే పిల్లవాడు. రెండు గేమ్‌బాయ్‌లని కలిపే లింక్ కేబుల్ చూసినప్పుడు, నా దగ్గరున్నది నీకు, నీ దగ్గరున్నది నాకు అన్న ఇచ్చిపుచ్చుకోవడం చుట్టూ ఆట అల్లాడు. ఒక్కరి దగ్గరే అన్నీ దొరికితే ఇంకొకరితో పని ఉండదు కాబట్టి రెండు రంగులు పెట్టారు. అంటే ఇది ఇద్దరు పిల్లలు, రెండు మెషీన్లు, రెండు వేర్వేరు కాపీలు ఉన్నచోట పండే ఆట. ఒకే ఇంట్లో, ఒకే మెషీన్‌లోకి రెండూ తెచ్చుకుంటే అసలు ఉద్దేశమే నెరవేరదు.

మీ ఇంటి సంగతికి వస్తాను. పిల్లలు ఒకరితో ఒకరు నేరుగా పోకెమాన్లు మార్చుకోవాలంటే రెండు స్విచ్‌లు ఒకేసారి ఆన్‌లో ఉండాలి. మీకున్నది ఒకటి. అందులో స్కార్లెట్, వయొలెట్ రెండూ వేసుకున్నా అన్నాచెల్లెళ్లు పక్కపక్కన కూర్చుని ట్రేడ్ చేసుకోలేరు. ఒకరు ఆడుతుంటే రెండోవాళ్లు చూస్తూ ఉండాల్సిందే. మరి ఇద్దరికీ వేర్వేరు ఆట ఎలా అంటే, దానికి రెండో కార్ట్రిడ్జ్ (ఆట ఉండే చిన్న కార్డు) అక్కర్లేదు. స్విచ్‌లో ఒక్కో యూజర్ ప్రొఫైల్‌కి ఒక్కో సేవ్ ఫైల్, అంటే ఎక్కడిదాకా ఆడారో దాచేది, ఉంటుంది. బాబు పేరుతో ఒక ప్రొఫైల్, పాప పేరుతో ఇంకోటి పెట్టండి. ఒకే కార్ట్రిడ్జ్‌తో ఇద్దరూ ఎవరి ఆట వాళ్లు మొదటి నుంచి ఆడుకోవచ్చు, ఒకరు ఆడితే ఇంకొకరిది చెరిగిపోదు. ఈ సంగతి తెలియక, ప్రొఫైల్ పెట్టడానికి ఐదు నిమిషాలు వెచ్చించక, రెండో కాపీ కొన్న ఇళ్లు ఉన్నాయి. నాకు బాధగా ఉంటుంది, ఎందుకంటే అక్కడ లేనిదల్లా సమాచారమే.

ఇక లెక్క. ఒక్కో ఆట 59.99 డాలర్లు. మీ ఊళ్లో 8.25 శాతం సేల్స్ టాక్స్ కలిపితే 64.94. డబుల్ ప్యాక్ లిస్ట్ ధర 119.99. రెండు విడివిడిగా కొంటే 119.98. చూశారా, కలిపి కొంటే ఒక సెంటు ఎక్కువే తప్ప తగ్గింపు లేదు. దానికి బదులు ఒక్కో ఆటకి 100 పోకే బాల్స్ (ఆటలో పోకెమాన్లని పట్టే బంతులు) కోడ్ ఇస్తారు. ఆటలో పోకే బాల్ ఒకటి 200 ఆట డబ్బులు. అంటే 20,000 విలువ, నాలుగైదు జిమ్‌లు గెలిచిన పిల్లవాడు ఓ సాయంత్రం తేలిగ్గా సంపాదించేస్తాడు. "ప్యాక్" అనగానే చవక అనుకోవడం మనకి అలవాటు. ఏ ప్యాక్ అయినా విడి ధరలు కూడి చూశాకే నమ్మండి.

ఆట ధర కంటే నన్ను ఎక్కువ ఆలోచింపజేసేది డీఎల్‌సీ. ది హిడెన్ ట్రెజర్ ఆఫ్ ఏరియా జీరో అనే అదనపు కథ 34.99 డాలర్లు, టాక్స్‌తో సుమారు 37.88. ఇది స్కార్లెట్‌కి వేరు, వయొలెట్‌కి వేరు. స్కార్లెట్ ఆడుతూ వయొలెట్‌ది కొంటే పనిచేయదు, ఈషాప్‌లో (నింటెండో ఆన్‌లైన్ దుకాణంలో) కొన్నది మామూలుగా వెనక్కి తీసుకోరు కూడా. రెండు ఆటలుంటే రెండు డీఎల్‌సీలు. డబుల్ ప్యాక్ 129.89, డీఎల్‌సీలు 75.76, మొత్తం 205.65. మీ 200 దాటిపోయింది, ఇంట్లో మాత్రం అదే ఒక్క స్విచ్. స్కార్లెట్ ఒక్కటీ, దాని డీఎల్‌సీ ఒక్కటీ అయితే 102.82. డీఎల్‌సీని ఈ స్విచ్‌కి కలిపిన అకౌంట్‌తో కొని ఇందులోనే లోడ్ చేసి ఉంచితే పాప ప్రొఫైల్‌లో కూడా ఆడుకోవచ్చు, మళ్లీ కొనక్కర్లేదు. అయినా డీఎల్‌సీ ఇప్పుడే వద్దు. అసలు కథ పూర్తయ్యాక అడిగితే ఆలోచించండి. చాలామంది పిల్లలు అక్కడిదాకా వెళ్లరు.

ఈ సందర్భంలో ఇంకో మాట. బంధువులెవరైనా 35 డాలర్ల ఈషాప్ కార్డు ఇస్తామంటే, అది డీఎల్‌సీకి దాదాపు మూడు డాలర్లు చాలదు, టాక్స్ వల్ల. 50 డాలర్ల కార్డు తీసుకోమని ముందే చెప్పండి, లేదా తక్కువపడేది బాబు తన పాకెట్ మనీలోంచి వేసుకోవాలని చెప్పండి. నాకు రెండోదే నచ్చుతుంది.

స్కార్లెటే ఎందుకు? ప్లేనోలో ఉన్న మీ అక్కగారబ్బాయి వల్ల. జంట వెర్షన్లలో ఏది కొనాలన్న దానికి నా దగ్గరున్న నియమం ఒకటే: మీ పిల్లలు రోజూ లేదా వారం వారం ఎవరితో ఆడతారో, వాళ్ల దగ్గర లేనిది కొనండి. అతని దగ్గర వయొలెట్ ఉంది, మీ ఇంటికి స్కార్లెట్ వస్తే, రెండు ఇళ్లకీ కలిపి రెండూ ఉన్నట్టే. రెండోదానికి మీకు ఖర్చు సున్నా. ఇవి చెప్పుల జత కాదు, ఒకటి లేకపోతే రెండోది పనికిరాదని అనుకోవడానికి.

బాబు సెరులెడ్జ్ కోసం వయొలెట్ కావాలంటాడు అన్నారు. ఇది అతనికి ఇలా చెప్పండి. సెరులెడ్జ్ అనేది చార్కాడెట్ అనే చిన్న పోకెమాన్ ఎదిగితే వచ్చేది. చార్కాడెట్ రెండు వెర్షన్లలోనూ దొరుకుతుంది. వయొలెట్‌లో జపాపికో అనే ఊళ్లో ఒకాయన ఉంటాడు. సినిస్టీ చిప్స్ పది ఇస్తే ఆయన ఒక కవచం ఇస్తాడు, అది వాడితే చార్కాడెట్ సెరులెడ్జ్ అవుతుంది. స్కార్లెట్‌లో అదే ఊళ్లో బ్రాంజర్ ముక్కలు పది ఇస్తే వేరే కవచం వస్తుంది, దాంతో అది ఆర్మరూజ్ అవుతుంది. కాబట్టి మీవాడు తన చార్కాడెట్‌ని ప్లేనో తీసుకెళ్లి, అన్నయ్యకో తమ్ముడికో ఇచ్చి, అక్కడ ఎదిగాక వెనక్కి తీసుకోవచ్చు. బదులుగా ఇతని దగ్గర ఎదిగిన ఆర్మరూజ్ ఒకటి అక్కడికి వెళ్తుంది. ఫినిజెన్ అనే డాల్ఫిన్ లాంటిది ఉంది, 38వ లెవెల్‌లో ఎదగాలంటే ఇద్దరు పిల్లలు యూనియన్ సర్కిల్‌లో, అంటే ఇద్దరి ఆటల్నీ కలిపే సౌకర్యంలో, కలిసి తిరుగుతూ ఉండాలి. ఒంటరిగా ఎంత ఆడినా కాదు. ఇలాంటివి ఆ ఇద్దరికీ కలిసి కూర్చోవడానికి కారణాలు. ఒక బిడ్డకి రెండు ఆటలూ కొనిచ్చినా ఇది రాదు.

ఇలా ఒకే గదిలో రెండు స్విచ్‌లు పెట్టి ఆడే లోకల్ ట్రేడింగ్‌కి నింటెండో ఆన్‌లైన్ సభ్యత్వం అక్కర్లేదు. ఇంటర్నెట్ మీద దూరంగా ఉన్నవాళ్లతో ఆడాలంటేనే అది కావాలి: ఒక్కరికైతే ఏడాదికి 19.99, కుటుంబానికి 34.99. వారం వారం కలిసే పిల్లలకి ఎందుకండి? "సేవ్ క్లౌడ్‌లో దాచుకోవచ్చు" అని ఎవరైనా చెప్తే, ఈ ఆటలకి ఆ సౌకర్యం లేదు. ఆ ఆశతో సభ్యత్వం కడితే ఆ డబ్బు వృథా.

ఇంత చెప్పినా బాబు వయొలెట్టే కావాలంటే? ధర ఒకటే కాబట్టి మీ బడ్జెట్‌కి తేడా రాదు. ఎక్కువసేపు ఆడేది అతనే అయితే నేను పెద్దగా అడ్డుచెప్పను. కానీ చెల్లెలు కోరింది స్కార్లెట్, దానివల్ల ఆమె కోరిక తీరుతుంది, బాబు కోరిక ప్లేనోలో తీరుతుంది. ఇద్దరినీ కూర్చోబెట్టి ఇదే మాట చెప్పి, వాళ్లే తేల్చుకునేలా వదిలేయండి. మీరు తేల్చాల్సింది ఎన్ని కొనాలన్నది మాత్రమే. అది ఒకటి.

కొనేటప్పుడు డౌన్‌లోడ్ కాకుండా కార్ట్రిడ్జ్ తీసుకోండి. ధర అదే, కానీ ఆడేశాక కార్ట్రిడ్జ్‌ని అమ్ముకోవచ్చు, స్నేహితుడికి ఇవ్వొచ్చు. డౌన్‌లోడ్ చేసినది అమ్మలేరు. సెకండ్ హ్యాండ్‌ది కొన్నా భయం లేదు, స్విచ్‌లో సేవ్ మెషీన్‌లో ఉంటుంది, కార్ట్రిడ్జ్‌లో కాదు. పాతవాళ్ల ఆట మీకు అడ్డం రాదు, మీరు అమ్మినప్పుడు మీ పిల్లల ఆటా పోదు. ఈ ఆట మీద కొత్తది అన్న ముచ్చట పిల్లలకి పెద్దగా లేకపోతే ముందు సెకండ్ హ్యాండ్‌ది వెతకండి.

రెండో స్విచ్ గురించి మీరు అడగలేదు గానీ, డబుల్ ప్యాక్ వెనకాల వచ్చే ప్రశ్న అదే. స్విచ్‌లో చిన్న మోడల్ అయిన స్విచ్ లైట్ కొత్తది కొన్నా 200 డాలర్లు దాటుతుంది. దాని మీద నిర్ణయం పాప మీద వదిలేయండి. మూడు నాలుగు నెలలు ఇంట్లో ఉన్న స్విచ్‌లోనే తన ప్రొఫైల్‌లో ఆడనిచ్చి, ఇంకా ఆడాలని ఉందా లేదా చూడండి. ఉంటే అప్పుడు ఆలోచిద్దాం. అప్పుడైతే వయొలెట్ కార్ట్రిడ్జ్ పాతది కొనుక్కున్నా చాలు, ఇంట్లోనే ట్రేడ్ చేసుకుంటారు. అప్పటికి రెండో కాపీ అర్థవంతమైన ఖర్చు అవుతుంది. ఇప్పుడు కాదు.

529 గురించి మీవారికి ఒక మాట. ఆలోచన మంచిదే, చదువుకి వాడినప్పుడు దాని మీద వచ్చిన లాభానికి ఫెడరల్ టాక్స్ ఉండదు. కానీ చదువు నిధిని పుట్టినరోజు గిఫ్ట్‌తో పోటీ పెట్టకండి. అలా చేస్తే ప్రతి సరదా ఖర్చూ నేరంలా కనిపిస్తుంది, పిల్లలకి అది తెలిసిపోతుంది. నెలకి ఇంత అని మీ జీతం ఖాతా నుంచి ఆటోమేటిక్‌గా 529లోకి వెళ్లేలా పెట్టండి, అది గిఫ్ట్‌ల జోలికి రాకుండా తనంతట తాను సాగనివ్వండి. టెక్సస్‌లో స్టేట్ ఇన్‌కమ్ టాక్స్ లేదు కాబట్టి స్టేట్ మినహాయింపు కోసం ఫలానా రాష్ట్రం ప్లానే కావాలన్న తొందర లేదు. ఏ ప్లాన్‌లో ఫీజులు తక్కువో అది చూసుకోండి.

ఇక మీరు పక్కన పెట్టిన 200లో స్కార్లెట్ పోను సుమారు 135 మిగులుతుంది. అందులో 40 డీఎల్‌సీకి దాచి ఉంచండి, పూర్తిచేసినవాళ్లు అడిగినప్పుడు తీయండి. మిగతాది పిల్లలిద్దరి పేరుమీదా గేమ్ ఫండ్ అని రాసి ఒక కవరులో పెట్టి, వాళ్లే లెక్క రాసుకునేలా చేయండి. ప్రతి గిఫ్ట్ మనీలో కొంత అందులో పడాలి. డీఎల్‌సీ కొనే రోజు వస్తే, స్క్రీన్ మీద స్కార్లెట్ అని ఉందో వయొలెట్ అని ఉందో బాబుచేత గట్టిగా చదివించి, తర్వాతే కొనండి.