కథలోని ధ్వనివిద్య పుస్తకంలో ఏం రాయాలి?

నల్గొండ నేపథ్యంగా నవల రాస్తున్నానని, అందులో నాయికకు తాతగారి పెట్టెలో ఒక చేతిరాత పుస్తకం దొరుకుతుందని, ధ్వనితో, ప్రకంపనలతో వాస్తవాన్ని వంచే విద్య అందులో ఉంటుందని రాశారు. పాఠకుడు నమ్మాలంటే ఆ పుటల్లో ఏముండాలన్నది మీ ప్రశ్న. నేను ఈ జిల్లాలో చాలాకాలం భౌతికశాస్త్రం చెప్పాను, డప్పు వాయిస్తాను. ఆ అనుభవంతో చెబుతున్నాను.

మొదటి పుట డప్పు కాచడంతో మొదలుపెట్టండి. వాయించే ముందు గడ్డి మంట వేసి చర్మాన్ని దాని సెగకు తిప్పుతూ కాస్తారు. తేమ పోయేకొద్దీ చర్మం బిగుస్తుంది, శ్రుతి లేస్తుంది. కాచేవాళ్ళు మధ్యమధ్య వేళ్ళతో తట్టి వింటారు. మెత్తగా, బరువుగా పలికిన చర్మం కాసేపటికి ఖణేల్‌మంటుంది. సెగ ఎక్కువైతే చర్మం చిట్లుతుంది. వానాకాలంలో ఊరేగింపు సగంలోనే డప్పు గొంతు దిగిపోతుంది, మళ్ళీ మంట కావాలి. కుడిచేతిలోని సిర్ర అనే కర్ర పలికించేది ఒకటి, ఎడమచేతి చిటికెన పుల్ల పలికించేది మరొకటి. మీ పుస్తకం రాసిన తాతకు ఇవన్నీ చేతివేళ్ళకు తెలిసి ఉండాలి. పుట్టించే వస్తువును బట్టి, ఆనాటి వాతావరణాన్ని బట్టి ధ్వని మారుతుందని ఎరిగిన మనిషి రాసినట్టుంటే ఆ పుస్తకాన్ని నేనైతే నమ్ముతాను.

మృదంగానికి ఒక పుట ఇవ్వవచ్చు. మామూలుగా బిగించిన గుండ్రటి చర్మం నుంచి పుట్టే ఉపస్వరాలకు, అంటే అసలు స్వరంతోపాటు పలికే పై స్వరాలకు, ఒకదానితో ఒకటి పొత్తు కుదరదు. మధ్యలో కరణి అనే నల్లటి ముద్ద వేసినందువల్ల మృదంగంలో అవి పూర్ణాంక నిష్పత్తులకు దగ్గరగా వస్తాయి. సి.వి.రామన్ 1920లోనే దీని గురించి రాశారు.

ఇక కళ్ళకు కనిపించే వింత కావాలంటే ఇసుక పళ్ళెం. పలుచటి లోహపు పలకను మధ్యలో బిగించి, జల్లించిన సన్న ఇసుక చల్లి, అంచు మీద వయొలిన్ కమాను లాగాలి. ఇసుక గబగబా జరిగి గీతలుగా, నక్షత్రాలుగా సర్దుకుంటుంది. పలక కదలని చోట్లే అది నిలుస్తుంది. అంచును వేలితో మరోచోట నొక్కిపడితే బొమ్మ మారుతుంది. తరగతిలో ఇది చూపించినప్పుడు వెనక బెంచీల పిల్లలు లేచి ముందుకు వచ్చేవారు. జర్మనీకి చెందిన క్లాడ్నీ 1787లో ఈ బొమ్మలను ప్రచురించాడు. కథకు పనికొచ్చే మెలిక ఇంకొకటుంది: ఇసుక బదులు మరీ మెత్తటి పొడి చల్లితే అది కదలని గీతల మీదికి కాక, బాగా కదిలే చోట్లకు చేరుతుంది. పలక పైన పుట్టే గాలి సుడులు దాన్ని అటు తోస్తాయని 1831లో ఇంగ్లండు శాస్త్రవేత్త ఫారడే వివరించాడు. మీ నాయిక తప్పు పొడి వాడి బొమ్మను తలకిందులుగా చదివితే? ఒక అధ్యాయమంతా దాని మీద నడపవచ్చు.

పుస్తకం దాచిన చోటుకు పానగల్లు ఛాయా సోమేశ్వరాలయం బాగుంటుంది. గర్భగుడిలో పగలంతా కదలకుండా నిలిచే స్తంభపు నీడ ఎలా పడుతుందో తెలిశాక కూడా నేను అక్కడ నిలబడి చూస్తూనే ఉంటాను.

ఒక్క విషయంలో మాత్రం గట్టిగా చెబుతున్నాను. మీరు రాసిన పథకంలో, నాయిక గంటానాదంతో బావినీళ్ళను శుద్ధి చేస్తుందని ఉంది. దయచేసి అది తీసేయండి. మా మేనత్తది మర్రిగూడ ప్రాంతం. ఫ్లోరైడ్ నీళ్ళతో ఆమె నడుము వంగిపోయింది, పళ్ళు గారపట్టాయి. ఎవరో వచ్చి, రాగి చెంబులో నీళ్ళు పోసి పక్కన గంట మోగిస్తే దోషం పోతుందని చెప్పారు. ఆమె రోజూ భక్తిగా చేసింది. ఫ్లోరైడ్‌కు రంగు లేదు, వాసన లేదు. నీళ్ళు మొదటినుంచీ తేటగానే ఉండేవి, గంట తర్వాతా తేటగానే ఉన్నాయి. దాంతో పని జరిగిందనే ఆమె నమ్మింది. నేను పరీక్ష కిట్టు తీసుకెళ్ళి చూపించాను. ఫ్లోరైడ్ ఎక్కువైతే కిట్టులోని గులాబీ ద్రవం పసుపుకు తిరుగుతుంది. గంటకు ముందు తీసిన నీళ్ళూ, తర్వాత తీసినవీ ఒకేలా పసుపయ్యాయి. లీటరుకు 1.5 మిల్లీగ్రాములు దాటితే తాగకూడదు. మరిగించినా అది పోదు, నీరు ఆవిరై ఇంకా చిక్కబడుతుంది. నాగపూర్‌లోని జాతీయ పర్యావరణ ఇంజనీరింగ్ పరిశోధన సంస్థ (నీరి) పటిక, సున్నం, బ్లీచింగ్ పౌడరు కలిపి, తేర్చి, వడగట్టే విధానాన్ని రూపొందించింది. ప్రపంచంలో చాలాచోట్ల దాన్ని మన ఊరి పేరుతోనే నల్గొండ పద్ధతి అంటారు.

ఆ అధ్యాయం మీకు తప్పదనుకుంటే, గంట మోగించిన తర్వాత కూడా ద్రవం పసుపుగానే ఉండనివ్వండి. తాత ఆ పుట అంచున 'దీనికి లొంగదు' అని రాసి, కింద పటిక, సున్నం పాళ్ళు రాసుకుని ఉండనివ్వండి. డప్పు అధ్యాయం పూర్తయ్యాక ఇక్కడే పెట్టండి, వాయించేవాడిగా చదివి నా అభిప్రాయం చెబుతాను.