పాప సంపాదనతో ప్లాటు కొనొచ్చా?

ప్రశ్న: మా పాపకు ఎనిమిదేళ్లు. రెండేళ్లలో మూడు సినిమాలు, ఒక యాడ్ చేసింది. ఖర్చులు పోను 11 లక్షలు మిగిలాయి, అన్నీ నా అకౌంట్లోనే ఉన్నాయి. షాద్‌నగర్ వైపు నా పేరు మీద ప్లాటు తీసుకుందామా, ఇంటి లోన్ కట్టేద్దామా అని ఆలోచిస్తున్నాను. ఏది చేసినా చివరికి పాపకేగా! మా ఆవిడ మాత్రం ఒప్పుకోవట్లేదు.
- ఒక తండ్రి, హైదరాబాద్

జవాబు: మీ ఆవిడ మాట వినండి. ‘చివరికి పాపకేగా’ అని మీరు రాసింది చదవగానే నాకు జాకీ కూగన్ గుర్తొచ్చాడు.

1921లో వచ్చిన ‘ద కిడ్’ చూసే ఉంటారు. పిల్లాడు రాయి విసిరి కిటికీ అద్దం పగలగొట్టి పారిపోతాడు, వెనకే చార్లీ చాప్లిన్ కొత్త అద్దాలు వీపున వేసుకుని ఏమీ ఎరగనట్టు వస్తాడు. ఆ పిల్లాడే కూగన్. ఆ తర్వాత అతని బొమ్మతో ఆటవస్తువులూ, తినే సరుకులూ అమ్ముడుపోయాయి. మొత్తం సంపాదన 30, 40 లక్షల డాలర్లని అంచనా. పిల్లాడి చేతికిచ్చింది మాత్రం వారానికి ఆరుంపావు డాలర్లు. 1935లో కారు ప్రమాదంలో తండ్రి పోయాడు. వాళ్ల డబ్బు వ్యవహారాలు చూసే ఆయన్నే తల్లి పెళ్లి చేసుకుంది. తన డబ్బు తనకిమ్మని కూగన్ 1938లో కోర్టుకెళ్తే, మైనర్ సంపాదన తల్లిదండ్రులదే అని వాళ్లు వాదించారు. అప్పటి కాలిఫోర్నియా చట్టమూ అలాగే ఉండేది. చివరికి అతనికి దక్కింది 1,26,000 డాలర్లు. ఆ గొడవ వల్లే 1939లో అక్కడ బాలనటుల చట్టం వచ్చింది. అందులోనూ బోలెడు సందులు. సంపాదన పిల్లలదే, 15 శాతం విడిగా దాచాల్సిందే అని గట్టిగా రాసుకున్నది 2000 నుంచి.

మీరు అలాంటివారని కాదు. కానీ మీ ప్లాటైనా, లోన్ తీరిన ఇల్లైనా కాగితం మీద మీదే అవుతుంది. రేపు మీకు వ్యాపారంలో నష్టమొచ్చినా, అన్నదమ్ముల మధ్య పంపకాలొచ్చినా అందులో పాప సొమ్ముందని చూపించడానికి ఏముంటుంది? పోనీ పాప పేరు మీదే కొందామంటే, మైనర్ స్థలం అమ్మాలంటే కోర్టు అనుమతి కావాలి. చదువుకి అవసరమైనప్పుడు చేతికి రాదు.

మన దగ్గరా నియమం ఉంది. బాలకార్మిక చట్టం కింద 2017లో సవరించిన రూల్స్ ప్రకారం, బాలనటుల సంపాదనలో కనీసం 20 శాతం వాళ్ల పేరుతో జాతీయ బ్యాంకులో ఎఫ్‌డీగా వేయాలి. రోజుకి ఐదు గంటలకు మించి పని చేయించకూడదు. మీ 11 లక్షల్లో 20 శాతమంటే 2,20,000. అది కనీసం. నన్నడిగితే మొత్తం పాప పేరుకే మార్చమంటాను.

ఇక పన్ను సంగతి. ఇక్కడే చాలామంది పొరపడతారు. పాప తన ప్రతిభతో సంపాదించింది పాప ఆదాయమే, మీ ఆదాయంలో కలపరు. కానీ ఆ డబ్బు మీద వచ్చే వడ్డీని మాత్రం మీ ఇద్దరిలో ఎవరి ఆదాయం ఎక్కువైతే వాళ్లదాంట్లో కలుపుతారు. అందుకే మొత్తం ఎఫ్‌డీలో పెట్టొద్దు. వడ్డీ మీద పన్ను లేని సుకన్య సమృద్ధి ఖాతా ముందు తెరవండి. పదేళ్లు నిండితే తెరవనివ్వరు, మీకు రెండేళ్లే టైముంది. ఏడాదికి 1,50,000 దాకా వేయొచ్చు, 18 దాటాక చదువుకి సగం దాకా తీసుకోవచ్చు. మిగతాది కొంచెం కొంచెంగా పాప పేరుతో ఇండెక్స్ ఫండ్‌లో (నిఫ్టీ లాంటి షేర్ల సూచీని అనుసరించే మ్యూచువల్ ఫండ్) వేయండి, లాభం మధ్యలో చేతికివ్వకుండా అందులోనే పెరిగే గ్రోత్ ఆప్షన్ తీసుకోండి. 18 నిండాక పాపే అమ్ముకుంటే ఆ లాభం తన లెక్కలోకే వస్తుంది.

షూటింగులకి తోడెళ్లడానికి మీ ఆవిడ ఉద్యోగం మానేసి ఉంటే ఆ నష్టం కొంత ఈ డబ్బులోంచి తీసుకోవడం తప్పేమీ కాదు. కాకపోతే ఒక నోట్‌బుక్ పెట్టి తేదీ, మొత్తం రాయండి. క్యాబ్ బిల్లులు కూడా.

లోన్ మీ జీతంతోనే తీర్చండి. సినిమా డబ్బు ఏటా వస్తుందనుకుని ఈఎంఐ పెంచుకోవద్దు. తరుణ్, తేజ సజ్జాల్లా పెద్దయ్యాక హీరోలైనవాళ్లు తక్కువ. పదమూడు, పద్నాలుగేళ్లొచ్చేసరికి చిన్నపిల్ల పాత్రకి పెద్దదై, పెద్ద పాత్రకి చిన్నదై ఫోన్లు ఆగిపోతాయి.

నాలుగో సినిమా ఒప్పుకునే ముందు పాపకి ప్యాన్ తీయించండి. అగ్రిమెంటు పాప పేరుతో, సంతకం సంరక్షకుడిగా మీది, డబ్బు పాప ఖాతాకి. టీడీఎస్, అంటే డబ్బిచ్చేవాళ్లు ముందే పట్టుకునే పన్ను, పాప ప్యాన్ మీద కట్ అయితే రిటర్న్ వేసి వెనక్కి తెచ్చుకునే వీలుంటుంది. ఇప్పటిదాకా మీ ప్యాన్ మీద కట్ అయినదాని సంగతి ఈ వారంలోనే మీ సీఏతో మాట్లాడండి.