లీగ్ టూ క్లబ్బు పిలిచింది, చదువు మానేస్తానంటున్నాడు

ప్రశ్న: మేం ఏడేళ్లుగా గ్లాస్గో దగ్గర ఉంటున్నాం. మావారు సాఫ్ట్‌వేర్. మా అబ్బాయికి 16 నిండాయి, నేషనల్ 5 పరీక్షలు (మన పదో తరగతి లాంటివి) రాశాడు. పదకొండేళ్ల వయసు నుంచి ఒక పెద్ద ఫుట్‌బాల్ క్లబ్బు అకాడమీలో ఆడేవాడు. ఈ వేసవిలో వాళ్లు వద్దనేశారు. ఇప్పుడు లీగ్ టూ (ఇక్కడి లీగ్‌లో అన్నిటికంటే కింది డివిజన్) క్లబ్బు ఒకటి ఏడాదికి పార్ట్‌టైమ్ కాంట్రాక్టు ఇస్తామంటోంది. వీడేమో హయ్యర్స్ (యూనివర్సిటీకి కావాల్సిన పై చదువు) చదవను, ఇక పూర్తిగా ఆటే అంటున్నాడు. స్కాట్లాండ్ స్టార్ ఆటగాడు ఆండీ రాబర్ట్‌సన్‌ను కూడా చిన్నప్పుడు సెల్టిక్ క్లబ్బు వద్దంది కదా అని వాదన. మావారు ఇంజినీరింగ్ తప్ప ఇంకో మాట ఎత్తనివ్వరు. ఇంట్లో రోజూ గొడవే. ఏం చేయమంటారు?

జవాబు: అమ్మా, మీరు రాయని ఒక విషయం ముందు అడగాలి. మీ వీసా సంగతి ఏమిటి? ఏడేళ్లయింది కాబట్టి ఐఎల్‌ఆర్ (శాశ్వత నివాస అనుమతి) గానీ బ్రిటిష్ పౌరసత్వం గానీ వచ్చే ఉంటుందనుకుంటాను. వచ్చి ఉంటే ఈ సంగతి వదిలేయండి. అబ్బాయి ఇంకా మీవారి స్కిల్డ్ వర్కర్ వీసా మీద డిపెండెంట్‌గానే ఉంటే మాత్రం ఆగండి. ఆ వీసా మీద ఉన్న డిపెండెంట్లు దాదాపు ఏ పనైనా చేసుకోవచ్చు, ప్రొఫెషనల్ క్రీడాకారుడిగానో స్పోర్ట్స్ కోచ్‌గానో తప్ప. వీసాలు చూసే హోం ఆఫీస్ లెక్కలో సెమీ ప్రొఫెషనల్ కూడా ప్రొఫెషనల్ కిందికే వస్తాడు. జీతం లేకుండా ఆడినా అంతే. క్లబ్బుల అకాడమీ జట్లను కూడా ఆ నిర్వచనంలోనే కలిపారు. కాబట్టి వారానికి రెండు సాయంత్రాలే కదా అనుకోవడానికి లేదు. క్లబ్బువాళ్లు ఏం కాదులెండి అన్నా సరే, ఇమ్మిగ్రేషన్ సొలిసిటర్‌ను కలిశాకే సంతకం.

ఇంకొకటి, ఇది మీవారికి కాస్త మెల్లగా చెప్పండి. స్కాట్లాండ్ చట్టం ప్రకారం 16 నిండిన పిల్లలు సొంతంగా కాంట్రాక్టు కుదుర్చుకోవచ్చు. తల్లిదండ్రుల సంతకం అక్కర్లేదు. మేం ఒప్పుకోం అని భీష్మించుకుని కూర్చుంటే వాడు ఒక్కడే వెళ్లి సంతకం పెట్టేసి వస్తాడు.

ఇక అసలు సంగతి. మీ ఇంట్లో గొడవ ఆటా, చదువా అని. లీగ్ టూలో ఆ ప్రశ్నే రాదు. స్కాటిష్ ప్రొఫెషనల్ లీగ్‌లో మొత్తం 42 క్లబ్బులు: ప్రీమియర్‌షిప్‌లో 12, కింది మూడు డివిజన్లలో పదేసి. అందులో కింది రెండు డివిజన్లు, అంటే లీగ్ వన్, లీగ్ టూ, చాలావరకు పార్ట్‌టైమ్ క్లబ్బులవే. వారంలో రెండు సాయంత్రాలు, ఎక్కువగా మంగళ, గురువారాలు ప్రాక్టీసు. శనివారం మధ్యాహ్నం మూడింటికి మ్యాచ్. మిగతా సమయంలో ఆ జట్లలో చాలామందికి వేరే ఉద్యోగాలుంటాయి. స్కూల్లో పాఠాలు చెప్పేవాళ్లు, వైరింగ్ పనికి వెళ్లేవాళ్లు, ఆఫీసుల్లో కూర్చునేవాళ్లు. చదువు మానేస్తే మీవాడు సోమ, బుధ, శుక్రవారాల్లో ఏం చేస్తాడట? కోపంగా కాదు, నిజంగానే అడగండి. ఆ కాంట్రాక్టు వాడి వారాన్ని నింపదు. దాని మీదొచ్చే డబ్బుతో ఇల్లూ గడవదు. లీగ్ టూ మ్యాచ్‌కు వచ్చేది కొన్ని వందల మంది. టీవీ డబ్బులో కిందికి దిగేది కొంచెమే. టికెట్లు, కప్పు టీ, మాంసం పై, హాఫ్ టైమ్ లాటరీ, మ్యాచ్ బంతికి ఊళ్లో ఏదో షాపువాళ్ల స్పాన్సర్‌షిప్... వీటి మీద నడిచే క్లబ్బులవి.

అలాగని తీసిపారేయాల్సిన జీవితమేమీ కాదు. ఆర్‌బ్రోత్ అని సముద్రం ఒడ్డున ఒక చిన్న ఊరు. గట్టిగా గాలి వీస్తే కార్నర్ కిక్ ఎటు పోతుందో తెలియని మైదానం. ఆ ఊరి పార్ట్‌టైమ్ జట్టు 2021-22 సీజన్లో రెండో డివిజనైన ఛాంపియన్‌షిప్‌లో ఫుల్‌టైమ్ క్లబ్బులను వెనక్కి నెట్టి రెండో స్థానంలో నిలిచింది. చివర్లో టైటిల్ తేల్చిన మ్యాచ్ కిల్మార్నాక్ చేతిలో ఓడకుండా ఉంటే ఏమయ్యేదోనని ఇప్పటికీ చెప్పుకుంటారు. ఆ జట్టు వింగర్ బాబీ లిన్ పగలు చెత్త సేకరించే లారీ మీద పనిచేస్తూనే 2019లో లీగ్ వన్ ఉత్తమ ఆటగాడయ్యాడు. పీటర్‌హెడ్‌కు గోల్స్ మీద గోల్స్ కొట్టిన రోరీ మెకాలిస్టర్ ప్లంబర్. చెత్త లారీ, ప్లంబింగ్ అనగానే మీవారి మొహం ఎలా మారుతుందో ఊహించగలను. కానీ అక్కడ ప్లంబర్ సంపాదన చిన్నదేం కాదు, ఆ సంగతి ఇంట్లో పైపు పగిలినప్పుడు మీకూ తెలిసే ఉంటుంది.

రాబర్ట్‌సన్ సంగతికొస్తే, మీవాడు ఆ కథ సగమే చెబుతున్నాడు. సెల్టిక్ వదిలేశాక అతను వెళ్లింది క్వీన్స్ పార్క్‌కు. అప్పట్లో అది పూర్తిగా అమెచ్యూర్ క్లబ్బు, జీతమే ఉండేది కాదు. వెళ్లేనాటికి ఇంకా స్కూలు పిల్లాడే. తర్వాత హాంప్‌డెన్ స్టేడియంలో ఫోన్లెత్తి టికెట్ల సంగతి చూసే పని చేశాడు. ఈ వయసులో చేతిలో డబ్బుల్లేకపోతే బతుకు దండగ, ఒక ఉద్యోగం కావాలి అని 2012లో ట్వీట్ పెట్టింది కూడా అతనే. 2013లో డండీ యునైటెడ్, 2014లో హల్ సిటీ, 2017లో లివర్‌పూల్. అంత వేగంగా పైకి వెళ్లినవాళ్లను వేళ్ల మీద లెక్కపెట్టవచ్చు. పోల్చుకోవాలంటే స్ట్రైకర్ లారెన్స్ షాంక్‌లాండ్ నయం. అబర్డీన్‌లో కుదురుకోలేదు, అరువు మీద క్లబ్బులు తిరిగాడు, 2017లో లీగ్ వన్‌లో ఉన్న ఎయిర్ యునైటెడ్‌కు దిగాడు. అక్కడ వరసగా గోల్స్ కొట్టి, రెండేళ్లకు స్కాట్లాండ్ జట్టులోకొచ్చాడు. కింది లీగ్‌కు వెళితే తలుపులు మూసుకుపోతాయని మీరు భయపడనక్కర్లేదు.

ఫుల్‌టైమ్ అయినా, పార్ట్‌టైమ్ అయినా కాంట్రాక్టు ఉంటే భద్రం అనుకోవడానికీ లేదు. 2024 అక్టోబరులో ఇన్వర్నెస్, నవంబరులో డంబార్టన్ దివాలా అంచుకు వెళ్లి అడ్మినిస్ట్రేషన్‌లో, అంటే బయటి నిర్వాహకుల చేతిలో పడ్డాయి. రెండింటికీ 15 పాయింట్ల చొప్పున కోత. 2006లో స్కాటిష్ కప్ ఫైనల్ ఆడిన గ్రెట్నా, డబ్బు పెట్టే యజమాని మంచం పట్టాక 2008లో అసలు లేకుండానే పోయింది. అలాంటప్పుడు వేరే జీవనాధారం ఉన్న ఆటగాడికి ఉండే టెన్షన్ కాస్త తక్కువ.

నా సలహా: కాంట్రాక్టు తీసుకోనివ్వండి, హయ్యర్స్ కూడా చదవాలి. రెండు సాయంత్రాలు, ఒక శనివారం పోయినా చదువు సాగుతుంది. ఎల్గిన్ లాంటి చోట మ్యాచ్ పడితే గ్లాస్గో నుంచి ఒకవైపే నాలుగు గంటల బస్సు, ఆ శనివారం మొత్తం పోయినట్టే. వచ్చేటప్పుడు బస్సులో పుస్తకం తీస్తాడని ఆశ పెట్టుకోకండి, ఆదివారం చదివించండి. తర్వాత మీవారు కోరే ఇంజినీరింగ్‌కూ దారి ఉంది. గ్రాడ్యుయేట్ అప్రెంటిస్‌షిప్ అని, కంపెనీలో జీతం మీద పనిచేస్తూ డిగ్రీ చేయవచ్చు. ఇంజినీరింగ్‌లోనూ ఉంది, సాఫ్ట్‌వేర్‌లోనూ ఉంది. సీటు తేలిగ్గా రాదు, హయ్యర్స్ మార్కులు కావాలి. ఈ మాట మీరు కాకుండా జట్టులో పాతికేళ్ల ఆటగాడెవరైనా చెబితే వాడి చెవికెక్కుతుంది, కోచ్‌ను అడిగి అలాంటి ఒకరితో మాట్లాడించండి. అమెరికా కాలేజీ స్కాలర్‌షిప్ ఆలోచన ఏ మూలనైనా ఉంటే, ప్రొఫెషనల్‌గా సంతకం చేసేముందే అక్కడి నిబంధనలు చూసుకోండి.

కాంట్రాక్టు కాగితంలో నేనైతే ముందు గాయాల పేరా చదువుతాను. మోకాలు దెబ్బతిని ఆరు నెలలు కూర్చుంటే జీతం ఇస్తారా, స్కానింగ్ ఖర్చు ఎవరిది? తర్వాత, డబ్బు పన్నెండు నెలలూ వస్తుందా, సీజన్ ఉన్నన్నాళ్లేనా? ఆడితేనే ఇచ్చేది ఎంత, బెంచీ మీద కూర్చున్నా ఇచ్చేది ఎంత? ప్రయాణ ఖర్చులు? పరీక్షల రోజుల్లో ప్రాక్టీసుకు రాకపోయినా ఫర్వాలేదని రాసిస్తారా? ఆటగాళ్ల యూనియన్ పీఎఫ్ఏ స్కాట్లాండ్ ఉంది, సంతకానికి ముందే వాళ్లకు చూపించండి. ఈ స్థాయిలో ఏజెంటు అనవసరం. ఎవడైనా తనే ఫోన్ చేసి నేను చూసుకుంటానంటే మర్యాదగా పెట్టేయండి.

ప్రీ సీజన్, అంటే సీజన్ ముందు ప్రాక్టీసు, జూన్ చివర్లో మొదలవుతుంది కాబట్టి క్లబ్బు తొందరపెడుతుంది. ఒక వారం గడువు అడిగితే ఇస్తారు. వచ్చే మే నెలలో కాంట్రాక్టు పొడిగిస్తారో లేదో చెబుతారు, సరిగ్గా హయ్యర్స్ పరీక్షలు జరిగే సమయంలోనే. ఆ నెల వాడికి కష్టంగానే ఉంటుంది. మార్కులు ఆగస్టులో వస్తాయి. స్కూల్లో చివరిదైన ఆరో ఏడాది చదవాలా, అప్రెంటిస్‌షిప్‌కు వెళ్లాలా అన్నది అప్పుడు మాట్లాడుకుందాం, మళ్లీ రాయండి.