పాత పెళ్లి క్యాసెట్లతో సినిమా చేయొచ్చా?

తాతగారింట్లో దొరికిన వీడియో క్యాసెట్లతోనే, కొత్తగా ఒక్క షాట్ కూడా తీయకుండా షార్ట్ ఫిల్మ్ చేయొచ్చా, దాన్ని కళ అంటారా అని అడిగారు. తప్పకుండా చేయొచ్చు. రష్యాలో ఎస్ఫిర్ షూబ్ అనే ఎడిటర్ 1927లోనే పాత న్యూస్‌రీళ్లూ, జార్ చక్రవర్తి కుటుంబం సరదాకి తీయించుకున్న ఫిల్మూ కలిపి, ఆ వంశం ఎలా కూలిందో సినిమాగా చూపించింది.

నేను మా పిన్ని పెళ్లి క్యాసెట్‌తో చేశాను. మాది కావలి దగ్గర పల్లె, పెళ్లి 1990లో. మీరు ముందు రా క్యాసెట్ కోసం, అంటే కెమెరాలో తీసింది తీసినట్టే ఉన్నదాని కోసం వెతకండి. మిక్సింగ్ చేసినదాంట్లో అసలు శబ్దం తీసేసి సినిమా పాటలు వేసి ఉంటారు. మా అదృష్టం, రా క్యాసెట్టే బీరువాలో మిగిలింది. అప్పగింతలు అయిపోయాక తెర గీతలు గీతలుగా అదిరి, ఓ నలభై సెకన్లు వేరే దృశ్యం వచ్చింది. పెంకులు లేచిపోయిన ఇళ్లు, నడిమికి విరిగిన తాడిచెట్లు. 1989 నవంబరులో కావలి దగ్గర తీరం దాటిన తుఫాను తర్వాతి మా ఊరు! వీడియో ఆయన ఆ క్యాసెట్ మీదే పెళ్లి తీశాడన్నమాట.

ఆ తర్వాత పెళ్లంతా మళ్లీ చూశాను. లైటు పట్టుకున్న కుర్రాడు పక్కకి తిరిగినప్పుడల్లా వెనక సగం కూలిన గోడ, కొత్త తాటాకు కప్పు కనిపిస్తున్నాయి. కెమెరా పెళ్లికూతురి మీదే ఉంది, ఫ్రేము అంచుల్లో మాత్రం తుఫాను ఉంది. నా పదకొండు నిమిషాల సినిమా ఆ అంచులే. మీరూ మధ్యలో ఉన్న మనుషుల్ని కాసేపు వదిలేసి చూడండి.

మొదటి కట్‌లో నా మాటలూ, వయొలిన్ ఏడుపూ పెట్టాను. పిన్ని చూసి, "ఆ సంగీతం ఎందుకబ్బయా, ఇల్లు పోయిన తెల్లారి ఊళ్లో చప్పుడే లేదు" అంది. అన్నీ తీసేసి జనరేటర్ మోత, నాదస్వరం, ఎవరో నీళ్లకోసం పిలిచిన కేక మాత్రం ఉంచాను.

టేపు మీద తెల్లగా బూజు ఉంటే వీసీఆర్‌లో పెట్టకండి, టేపుని చదివే హెడ్ పాడవుతుంది, మిగతా క్యాసెట్లకీ అంటుకుంటుంది. శుభ్రం చేసేవాళ్లకి ఇవ్వండి. మూడు గంటల క్యాసెట్ కంప్యూటర్‌లోకి ఎక్కించడానికి మూడు గంటలూ పడుతుంది, టెన్షన్ పడకండి. బొమ్మని వెడల్పుగా సాగదీయొద్దు, గీతలు తుడిచేయొద్దు.

హక్కుల సంగతికొస్తే, వేరే ఒప్పందం లేకపోతే డబ్బిచ్చి తీయించుకున్నవాళ్లదే కాపీరైట్ అని 1957 చట్టం చెబుతుంది. మిక్సింగ్‌లో కలిపిన సినిమా పాటలు మాత్రం మీవి కావు. ఇక అందులో కనిపించేవాళ్లని అడగడం చట్టం కోసం కాదు. నేను అందరికీ ముందే చూపించాను. ఒకావిడ తను ఏడుస్తున్న షాట్ తీసేయమంది. నాకు సినిమా మొత్తంలో ఎక్కువ ఇష్టమైన షాట్ అదే. తీసేశాను.