కందిరీగ ఏం మోసుకొస్తోందో చూశావా?

తమ్ముడూ,

నీ కథ రెండుసార్లు చదివాను. భ్రమరకీటక న్యాయం బాగానే వాడావు, కందిరీగ తెచ్చి గూట్లో పెట్టిన పురుగు దాని ఝుంకారం విని విని తనూ కందిరీగ అయిపోయిందన్న వాక్యం నాకూ నచ్చింది. కానీ ఆ గూట్లో ఏముంటుందో ఎప్పుడైనా చూశావా? మా వంటింటి కిటికీ మూల కట్టిన మట్టిగూడు ఓసారి చెయ్యి తగిలి విరిగితే లోపల ఏడెనిమిది సాలీళ్లు, కాళ్లు ముడుచుకుని, కందిరీగతో కుట్టించుకుని కదల్లేక, ఇంకా చావకుండా, అందులో ఒకదాని పొట్ట మీద నూకంత తెల్లటి గుడ్డు. పిల్లపురుగు వాటినే తిని, అక్కడే ప్యూపా అయి, రెక్కలతో బయటికొస్తుంది. ఎవరూ ఎవరిలాగానూ మారరు. నువ్వు రాసినదానికన్నా ఇదే భయంగా లేదూ?

లండన్‌లో పెర్సీ స్మిత్ అని విద్యాశాఖలో గుమాస్తా ఉండేవాడు. 1908లో ఒక ఈగను సినిమా తీశాడు. ఈగ వెల్లకిలా ఉంటుంది, పైకెత్తిన కాళ్ల మీద బంతి గిరగిరా తిరుగుతుంటుంది. చూసినవాళ్లు సర్కస్ అనుకున్నారు, కానీ ఈగ చేస్తున్నది ఉత్త నడక. కాళ్లకు నేల తగలాల్సిన చోట బంతి తగిలింది కాబట్టి బంతి తిరుగుతోంది, అంతే. అందులో ఈగ గర్వపడిందని నువ్వు కలపాల్సిన పనేం లేదు. ఈ మనిషే తర్వాత ఇంట్లోనే కెమెరాలు పెట్టుకుని, రోజుల తరబడి సాగేదాన్ని నిమిషాల్లోకి కుదించేవాడు, రాత్రి కెమెరా ఆగితే లేపడానికి మంచం దగ్గర గంట కట్టుకున్నాడట. (నువ్వేమో మూడు రోజుల్లో కథ ముగించి, ఎక్కడికి పంపాలని టెన్షన్ పడుతున్నావు.)

అలాగని కల్పన వద్దనడం లేదు. అప్పట్లో రష్యా ఏలుబడిలో ఉన్న, ఇప్పటి లిథువేనియాలోని కౌనస్‌లో మ్యూజియం చూసుకునే స్టారెవిచ్, 1910లో కొమ్ముపురుగుల కొట్లాట తీయబోతే, లైటు వెయ్యగానే అవి కదలడం మానేశాయి. చచ్చిన పురుగులకు తీగ కాళ్లు అతికించి, ఒక్కో ఫ్రేముకీ కాస్త కాస్త జరిపి కొట్లాడించాడు. అవి శిక్షణ పొందిన పురుగులని నమ్మినవాళ్లున్నారు! అంతలా నమ్మించాడంటే, అసలు కొట్లాటలో ఏ కాలు ఎటు కదులుతుందో అతనికి ముందే తెలిసుండాలి కదా. నీ కందిరీగ ఎలా నడుస్తుందో కథలో ఒక్క చోటైనా ఉందా?

మళ్లీ రాయి, తొందరేం లేదు. మీ ఇంట్లో గూడు కనిపిస్తే మాత్రం విరగ్గొట్టకు, దానంతటది కన్నం పడేదాకా రోజూ వెళ్లి చూడు.

ప్రేమతో,
అన్న